తప్పు అవతల ఉంది

పోయినవాటిని ముందు లెక్కపెడతాను. మిగతా సంగతులు తర్వాత.

అరవై నాలుగు ఇండ్లు. ఏటి మీద ఒక వంతెన. ఎర్రరాతి కోట ఒకటి, దాని కింద లోతైన గండి. ఒక బస్టాండు, అందులో మూడు బస్సులు. ఒక మసీదు, ఒక గుడి, రెండింటికీ నడుమ టీ అంగడి. ఒక నెట్ సెంటరు, దాంట్లో తొమ్మిది కుర్చీలు. ఇవన్నీ కంప్యూటరు ఆటలోవి. ఇద్దరు స్నేహితులు మూడేండ్లపాటు వారం వారం కూర్చుని కట్టుకున్న ఊరు అది.

ఆట బయట కూడా పోయినవి ఉన్నాయి. కువైట్‌లో ఎనిమిది మంది కలిసి వండుకుని తినే గదిలో ఒకడికి ఉన్న చోటు పోయింది. ఆ ఇద్దరి స్నేహం పోయింది. నా మాట మీద ఒకడికి ఉన్న నమ్మకం పోయింది. ఇవి కాక కొన్ని శుక్రవారాలు పోయాయి. ఆ శుక్రవారాలు ఎన్నో చివర రాస్తాను. నా జీవితంలో నేను తప్పు వేసిన లెక్క అదొక్కటే కాదు గానీ, వేరేవాళ్ళు దిద్దితే తప్ప నాకు తెలియని లెక్క మాత్రం అదొక్కటే.

పని ఏమిటంటే

ప్రొద్దుటూరులో ఇరవై రెండేండ్లు నెట్ సెంటరు నడిపాను. అంతకుముందు ఒక బట్టల అంగడిలో చిట్టా రాసేవాణ్ణి. ఇంటరు తప్పాను. కంప్యూటరు నాకు ఎవరూ నేర్పలేదు. కంప్యూటరు పెట్టెల్లో వచ్చే ఇంగ్లీషు పుస్తకాలను నిఘంటువు పక్కన పెట్టుకుని చదివాను. మొదటి పుస్తకం నూట పన్నెండు పేజీలు, నాలుగు నెలలు పట్టింది.

నెట్ సెంటరు అంటే హాల్ టికెట్లు, రిజల్టులు, దరఖాస్తులు అనుకుంటారు. ఇంటి ఖర్చులు వాటితోనే గడిచాయి, నిజమే. కానీ నాకు పేరు వచ్చింది వేరే పనితో. ఆటలో ఒక స్నేహితుడు ఇంకో స్నేహితుడితో కలవలేకపోతే కలపడం. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల, ఈ మూడు ఊర్లలో ఏ ఇంట్లోనైనా పిల్లలు ‘ఫ్రెండు గేములోకి రాలేకపోతాండాడు’ అని తల పట్టుకుంటే నా నంబరే ఇచ్చేవాళ్ళు. నేను సంచిలో వైరు, దాని కొస బిగించే క్రింపరు, పెన్‌డ్రైవ్ వేసుకుని బస్సెక్కేవాణ్ణి. మా బావమరిది నన్ను చాలా ఏండ్లు ‘ఆటల డాక్టరు’ అని ఎగతాళి చేశాడు. ఆట చిన్నదే కావచ్చు. అవతల ఒక మనిషి ఎదురుచూస్తూ కూర్చోవడం మాత్రం చిన్నది కాదు.

నా దగ్గర పదకొండు ఫిర్యాదుల పుస్తకాలు ఉన్నాయి. ప్రతి పేజీలో నాలుగు గళ్ళు. తేదీ, ఎవరు, ఏమంటున్నారు, అసలు కారణం. నాలుగో గడి ఎప్పుడూ ఖాళీగా వదలకూడదని నా నియమం. కారణం దొరక్కపోతే ‘దొరకలేదు’ అని రాసేవాణ్ణి. అలా రాసినవి మొత్తం మీద యాభై మూడు. ఈ పని మొదలుపెట్టే పిల్లలు సర్టిఫికెట్లు ఏవి చేయాలని అడుగుతుంటారు. సర్టిఫికెట్ల సంగతి నాకు తెలియదు. నాలుగో గడి సంగతి తెలుసు.

గడియారం

పులివెందులలో ఒక టీచరు కూతురు ఉండేది, పేరు హరిణి, ఇంటరు చదివేది. ఇడుపులపాయలో చదువుకునే తన పిన్నమ్మ కూతురితో ఆదివారాలు ఆడుకునేది. ఒక వారం ఆ ఆటలో కలవడం ఆగిపోయింది. ఒంటరిగా ఆడితే ఆట నడుస్తుంది. కలవబోతే ఒక ఎర్ర గీత, ఒక నంబరు వచ్చి ఆగిపోతుంది. నేను పోయి మూడు గంటలు కూర్చున్నాను. ఫైర్‌వాల్ తీశాను, పెట్టాను. రూటరు ఆర్పాను, వెలిగించాను. వైరు మార్చాను. ఆఖరికి, అవతల హాస్టలు కదా, అక్కడి నెట్‌లో ఆటలు ఆపి ఉంటారని తేల్చి చెప్పేసి, వాళ్ళమ్మ ఇచ్చిన కాఫీ తాగి వచ్చేశాను.

రెండు రోజుల తర్వాత ఆ పాపే ఫోన్ చేసింది. “మామా, తప్పు ఆ పక్క లేదు. ఈ పక్కనే ఉంది. కంప్యూటరులో ఏం సంవత్సరం ఉందో చూసినావా నువ్వు?” అంది.

చూడలేదు. లోపల రూపాయి బిళ్ళంత బ్యాటరీ చచ్చిపోయి, గడియారం పద్నాలుగేండ్లు వెనక్కి పోయింది. తేదీ తప్పుగా ఉన్న పీసీని అవతలి సర్వరు నమ్మదు, లోపలికి రానివ్వదు. తెర మీద కుడిచేతి కింది మూలలో తేదీ కనబడుతూనే ఉంది. మూడు గంటలు దాని ఎదురుగానే కూర్చున్నాను. ఆ పాప రెండు నెలల ముందు పుట్టిన తమ్ముడికి ఎన్ని రోజులు నిండాయో చూడబోయి కనిపెట్టిందట. నేను నా గొప్పకు పోయి మూల చూడలేదు. ఇడుపులపాయలో ఉన్న పిల్ల మీదికి తప్పు తోసేసి వచ్చాను.

అప్పటినుంచి ఎక్కడికి పోయినా మొదట గడియారం చూసేవాణ్ణి. అంతవరకు నేర్చుకున్నాను. తెలియనప్పుడు తప్పును అవతలికి తోయడం నా నోటికి ఎంత అలవాటయిందో మాత్రం అప్పుడు గమనించలేదు.

గడియారం తర్వాత చూడవలసింది ఆట వెర్షను. మా ఊర్లలో ఆటలు నా పెన్‌డ్రైవ్ నుంచే పాకేవి. డబ్బు పెట్టి కొన్నవి కావు. అది తప్పే, ఒప్పుకుంటున్నాను. పదిమందికీ అదే కాపీ కాబట్టి అందరూ కలిసేవాళ్ళు. ఒకడు కొత్తది వేసుకున్నాడంటే ఆ రోజు నుంచి వాడు ఒక్కడే. వాడి ఆట బాగుంటుంది, ఆడేవాళ్ళే ఉండరు.

ఆ తర్వాతది వాకిలి. మా కేబుల్ లైన్లలో వీధి మొత్తానికి బయటి ప్రపంచంలోకి ఒకటే వాకిలి. లోపలినుంచి ఎవరైనా బయటికి పోవచ్చు. బయటినుంచి వచ్చినవాడికి మాత్రం ఏ ఇంటి తలుపు తట్టాలో తెలియదు. కాబట్టి ఆట ఎవరి పీసీలో నడుస్తుందో వాళ్ళ తలుపు తెరిపించి పెట్టాలి. నా బస్సు ప్రయాణాల్లో సగం ఈ తలుపుల కోసమే.

ఓబుళరెడ్డి చెప్పిన రెండు మాటలు

ఆ తలుపులు తెరవాలంటే కేబుల్ ఓనరు ఒప్పుకోవాలి. పులివెందులలో అప్పుడు ఓబుళరెడ్డి అని ఒకాయన చిన్న కేబుల్ నెట్ నడిపేవాడు. నాలుగేండ్లు వారానికి మూడు రోజులు ఆయన దగ్గర పనిచేశాను. నేను ఒకరి కింద పనిచేసింది బట్టల అంగడి తర్వాత అక్కడే.

మంచి మనిషి. అరవై ఏండ్ల వయసులో వానలో తానే స్తంభం ఎక్కేవాడు. కింద నిలబడి ఊహించేవాళ్ళంటే ఆయనకు మంట. “ఎక్కి చూడప్పా. కిందుండి చెప్పేది జ్యోతిష్యం” అనేవాడు. ఇది ఆయన చెప్పిన మొదటి మాట. ఇంతకంటే మంచి మాట ఈ పనిలో నేను వినలేదు.

రెండో మాట కూడా ఆయనదే. ఒకరోజు ఒక కస్టమరుకు మన లైనే తెగింది, సాయంత్రానికి బాగవుతుంది అని నేను ఫోన్‌లో చెప్పాను. ఆయన విన్నాడు. నన్ను కూర్చోబెట్టి టీ తెప్పించి నిదానంగా చెప్పాడు.

“తప్పు మన కాడ ఉందని ఎప్పుడూ ఒప్పుకోవద్దు. అవతల ఉందని చెప్పు. వాడు అవతలోనికి ఫోన్ చేసి కనుక్కునేలోపల మన లైను బాగయితాది. ఎవరికీ నష్టం లేదు.”

నాలుగేండ్లలో ఆ మాట నేను ఎన్నిసార్లు వాడానో లెక్కలేదు. పుస్తకంలో నాలుగో గడిలో నిజమే రాసేవాణ్ణి, నోటితో మాత్రం అవతల ఉందనే చెప్పేవాణ్ణి. ఆయన అన్నట్టే సాయంత్రానికి లైను బాగయ్యేది, మనుషులు మరిచిపోయేవాళ్ళు. ఎవరికీ నష్టం జరగలేదు. అందుకే అది నష్టం లేని అబద్ధమని నమ్మాను. సాయంత్రానికి బాగయ్యే తప్పులకే ఆ మాట పనికొస్తుందని ఆయన చెప్పలేదు. నేనూ అడగలేదు.

మూడో కుర్చీ, నాలుగో కుర్చీ

మొదట చెప్పిన ఊరు కట్టిన ఇద్దరు ఖాజా, సుధాకర్. ఖాజా వాళ్ళ నాయన ప్రొద్దుటూరులో బంగారు అంగళ్ళ దగ్గర నగలకు మెరుగుపెట్టే పని చేసేవాడు. సుధాకర్ వాళ్ళ నాయన జమ్మలమడుగులో బడి గుమాస్తాగా రిటైరయ్యాడు. సుధాకర్ డిగ్రీకి రోజూ బస్సులో ప్రొద్దుటూరు వచ్చేవాడు. కాలేజీ వదిలాక నా అంగడిలో మూడో కుర్చీలో ఖాజా, నాలుగో కుర్చీలో సుధాకర్. ఇండ్లు, ఊర్లు కట్టే ఆట. ఒకరి నోట్లో ఒకరు మాట పెట్టుకున్నట్టు మాట్లాడుకునేవాళ్ళు. ‘ఆ పక్క తవ్వు’ అని ఒకడు అనేలోపలే రెండోవాడు తవ్వుతుండేవాడు.

ఇరవై ఒకటో ఏట ఖాజా కువైట్ పోయాడు, డ్రైవరు పనికి. పోయే ముందు రోజు ఇద్దరూ అంగడికి వచ్చి, ఆట ఆగకూడదు, ఏమన్నా చేయి మామా అన్నారు. జమ్మలమడుగులో సుధాకర్ ఇంటికి పోయి పీసీ సర్దాను, కేబుల్‌వాళ్ళతో మాట్లాడి తలుపు తెరిపించాను. ఖాజా అక్కడ పాత ల్యాప్‌టాప్ ఒకటి కొన్నాడు. వాడికి సెలవు శుక్రవారం. జుమ్మా నమాజు అయిపోయాక అక్కడ రెండు గంటలంటే ఇక్కడ నాలుగున్నర. మొదటి శుక్రవారం ఫోన్‌లో వాడికి ఒక్కొక్కటీ చెబుతూ సుధాకర్ పక్కన కూర్చున్నాను. చాలాసేపటికి వాళ్ళు అంగడిలో మొదలుపెట్టిన ఊరి పొలిమేరలో ఖాజా బొమ్మ వచ్చి నిలబడింది.

“వచ్చినావా?” అన్నాడు సుధాకర్.

“వచ్చినా” అన్నాడు ఖాజా.

వెంటనే పని మొదలుపెట్టారు. నా పదకొండు పుస్తకాల్లో నాకు ఇష్టమైన పేజీ అది.

మూడేండ్లు ప్రతి శుక్రవారం నాలుగున్నర నుంచి ఏడు దాకా ఆడారు. గండికోట, దాని కింద పెన్న గండి కట్టారు. నా అంగడి కూడా కట్టారు, తొమ్మిది కుర్చీలతో సహా.

ఎనిమిది అనుకున్నది

నాలుగో ఏడు మొదట్లో ఖాజా ఫోన్ చేశాడు. మూడు వారాలుగా ఆటలోకి పోలేకపోతున్నాడట. సుధాకర్ ఫోనెత్తితే ‘చదువుకుంటాండా, లైను సంగతి మామను అడుగు’ అంటున్నాడట.

ఓబుళరెడ్డి మొదటి మాట ప్రకారం ఎక్కి చూడాలి కదా. జమ్మలమడుగు పోయాను. గడియారం సరిగ్గా ఉంది. వెర్షను అదే. తలుపు తెరిచే ఉంది. చివరికి ఆటలో స్నేహితుల పట్టీ తీశాను. దాని కింద బ్లాక్ చేసినవాళ్ళ పట్టీ ఒకటి ఉంటుంది. అందులో ఒకే పేరు. ఖాజాది.

సుధాకర్ వెనకే నిలబడి ఉన్నాడు. నేను చూసింది చూశాడు.

“కొట్లాడుకున్యారా?” అని అడిగాను.

“కొట్లాడుకున్నా బాగుండు మామా. వాడు వారం వారం అడుగుతాడు. ఏమైందిరా రిజల్టు, బాగా చదువుతాండావా అని. ప్రేమగానే అడుగుతాడు. వానికి జవాబు చెప్పల్లంటే, శుక్రవారం వస్తాందంటేనే నాకు పీసీ ఎదురుగా కూర్చోబుద్ధి కాదు.”

ఉద్యోగం పరీక్ష రెండుసార్లు తప్పాడు ఆ పిల్లవాడు. నాకు తెలుసు. ఆ రిజల్టులు తీసి ఇచ్చింది నేనే.

“ఈ మాటే వానికి చెప్పరాదా?”

“చెప్తే జాలిపడతాడు. దుడ్లు పంపిస్తానంటాడు. పోయినసారి అట్లనే అన్యాడు. రెండు నెల్లు లైను బాగలేదని చెప్పు మామా. పరీక్ష అయిపోతానే నేనే తీసేస్తా.”

రెండు నెలలంటే ఎనిమిది శుక్రవారాలు. మనసులో లెక్క వేసుకున్నాను. ఎనిమిదికి ఒప్పుకున్నాను.

మరుసటి శుక్రవారం ఖాజా అడిగాడు. “తప్పు యాడుంది మామా, ఈడా ఆడా?”

“నీ పక్కనే ఉంది” అన్నాను. నాలుగేండ్లు అలవాటయిన మాట, తడబడకుండా వచ్చింది. నమ్మకంగా ఉండేందుకు కారణం కూడా చెప్పాను. మీ గదిలో ఎనిమిది మందికి ఒకటే వైఫై, ఒకటే వాకిలి, ఇప్పుడు అందరూ ఒకేసారి వాడుతున్నారు, అందుకే పోలేకపోతున్నావు అన్నాను. ఆ కారణం అబద్ధం కాదు. అలా జరగవచ్చు. జరిగింది మాత్రం అది కాదు. పనిలో ఆరితేరినవాడు చెప్పే అబద్ధం అలాగే ఉంటుంది, అందులో ప్రతి ముక్కా నిజమే.

ఆ సాయంత్రం పుస్తకంలో ఖాజా పేరు రాశాను. నాలుగో గడిలో చిన్న గీత పెట్టాను. ‘దొరకలేదు’ అని కూడా రాయలేకపోయాను. దొరికింది కాబట్టి.

ఎనిమిది వారాలు అయ్యాయి. పరీక్ష అయింది. సుధాకర్ పేరు తీసేయలేదు. రిజల్టు వచ్చేదాకా ఆగు మామా అన్నాడు. రిజల్టు వచ్చింది. మూడోసారీ పోయింది. ఆ తర్వాత నేను అడగలేదు, అతనూ ఎత్తలేదు.

ఖాజా మాత్రం ఒక్కొక్క మెట్టూ ఎక్కుతూ వచ్చాడు. నేను చెప్పిన తప్పును సరిచేయడానికి. పన్నెండో శుక్రవారానికి సొంతంగా రూటరు కొన్నాడు. దాని పెట్టె, దాని వెనక రాసిన నంబర్లు ఫోటో తీసి పంపాడు. పని చేయలేదు. చేయదు కదా. ఆ గదిలో సిగ్నలు సరిగ్గా అందదేమో అన్నాను. ఏదో ఒకటి చెప్పాలి కాబట్టి అన్నాను.

ఇరవై మూడో శుక్రవారం ఫోన్ చేశాడు. గొంతు కొంచెం సంతోషంగా ఉంది.

“గది మారినా మామా. ఈడ నేనొక్కడినే. లైను మొత్తం నాదే. ఇప్పుడన్నా కలుస్తాదా?”

ఆ పాత గది గురించి వాడు ఎన్నోసార్లు చెప్పాడు. అందరూ మన పక్కవాళ్ళే. రాజుపాలెం నుంచి పోయిన ఒక పెద్దాయన శుక్రవారం పొద్దున్నే లేచి అందరికీ వండేవాడట. ఒకే పళ్ళెం చుట్టూ కూర్చుని తినేవాళ్ళట. జ్వరమొస్తే ఒకరు కాకపోతే ఒకరు లేచి నీళ్ళిచ్చేవాళ్ళట. ఆ గది వదిలి, ఊరి చివర ఒక్కడే ఉండే గదికి పోయాడు. మీ గదిలో ఎనిమిది మంది ఉండటమే తప్పు అని నేను చెప్పాను కాబట్టి.

అప్పుడు చెప్పి ఉండాల్సింది. ఎందుకు చెప్పలేదో దాచకుండా రాస్తాను. సుధాకర్ కోసం కాదు. మొదటి వారం చెబితే సుధాకర్ చేసిన పని చెప్పినట్టయ్యేది. ఇరవై మూడో వారం చెబితే, నేను ఇరవై రెండుసార్లు అబద్ధమాడానని చెప్పినట్టవుతుంది. వారం గడిచేకొద్దీ ఆ సంఖ్య పెరుగుతుంది, చెప్పడం ఇంకా కష్టమవుతుంది. లెక్కలు బాగా వచ్చినవాడికి ఇది మొదటిరోజే తెలియాలి.

“చూస్తాలే” అన్నాను. గీత పెట్టాను.

నాలుగు నిమిషాల పని

ఇంకో ఏడు వారాలకు సుధాకర్ కబురు పెట్టాడు. బెంగుళూరులో ఒక ఆఫీసులో ఫోన్లు ఎత్తే ఉద్యోగం దొరికింది. పోతున్నాడు. పీసీ పక్కింటివాళ్ళకు అమ్ముతున్నాడు. ఫార్మాట్ చేసి ఇవ్వాలి.

నా ఇరవై రెండేండ్లలో కాపీ తీయకుండా ఏ పీసీనీ ఫార్మాట్ చేయలేదు. అది కూడా నియమమే.

“ఊరు కాపీ పెట్టుకుంటావా?” అని అడిగాను.

“ఎవరికి మామా?” అన్నాడు. అని, సంచి సర్దుకోవడానికి లోపలికి పోయాడు.

చెరిపేముందు ఆట తెరిచాను. వంతెన మీదుగా నడిచాను. ఇండ్లు లెక్కపెట్టాను, అరవై నాలుగు. మసీదు, గుడి, టీ అంగడి దాటి నా నెట్ సెంటరు దగ్గరికి పోయాను. లోపల తొమ్మిది కుర్చీలు. ఏడు నల్లవి. మూడోదీ నాలుగోదీ ఎర్రవి. అలా రంగు వేశారని నాకు అంతవరకు తెలియదు.

జేబులో పెన్‌డ్రైవ్ ఉంది. నాలుగు నిమిషాల పని. కాపీ తీస్తే అది ఖాజాకు ఇవ్వాలి. ఇస్తే ఎక్కడిదని అడుగుతాడు. అడిగితే అంతా చెప్పాలి. ఇంత దూరం ఆలోచించి ఫార్మాట్ నొక్కాను. పోయినవాటి జాబితాలో మొదటి భాగం పోయింది అక్కడే, నా చేతితోనే.

ఆ తర్వాత కూడా ఖాజా ప్రతి శుక్రవారం ఆ ఊర్లోకి పోవడానికి చూస్తూనే ఉన్నాడు. ఊరే లేదు.

రూటరు

సెలవు మీద ఖాజా ప్రొద్దుటూరు వచ్చాడు. అప్పటికి నా అంగడిలో మూడు పీసీలే మిగిలాయి. పిల్లలందరూ ఫోన్లలో ఆడుకుంటున్నారు. జిరాక్సు మిషను ఒక్కటే రోజంతా తిరిగేది.

మనిషి చిక్కిపోయాడు. ఖర్జూరాల డబ్బా ఇచ్చాడు. తర్వాత సంచిలోంచి, లుంగీలో చుట్టిన రూటరు తీశాడు. విమానంలో చేతిసంచిలోనే పెట్టుకుని వచ్చాడట, దెబ్బ తగులుతుందని.

“దీన్ని ఒకసారి చూడు మామా. ఫోన్లో చెప్తే నీకు తెలీడంల్యా. తప్పు దీంట్లోనే ఉందేమో” అన్నాడు.

నేను దాన్ని కరెంటుకు తగిలించాను. నాలుగు దీపాలు పచ్చగా వెలిగాయి. వైరు పెట్టి చూశాను. లోపలి పట్టికలు చూశాను. నేను ఫోన్‌లో చెప్పిన ప్రతి నంబరూ వాడు ఒక్కటి తప్పకుండా పెట్టుకున్నాడు. అంత శుభ్రంగా సర్దిన రూటరు నేను ఎవరి ఇంట్లోనూ చూడలేదు.

“తప్పు దీంట్లో లేదు ఖాజా” అన్నాను. ఇక ఆగలేదు. బ్లాక్ పట్టీ, సుధాకర్ అడిగిన రెండు నెలలు, నేను చెప్పిన కారణాలు, అన్నీ వరసగా చెప్పాను.

వాడు రూటరును తన వైపుకు తిప్పుకున్నాడు.

“వాడు సరే. వాడు సిగ్గుపడి దాంకున్యాడు” అన్నాడు. “నీకేమైంది మామా?”

నేను వైరు సర్దబోయాను. వాడే మళ్ళీ అడిగాడు.

“ఊరుందా?”

“లేదు. నేనే చెరిపేసినా.”

తల ఊపాడు. రూటరు ఆర్పాడు. వైరు మడత పెట్టాడు, నేను నేర్పినట్టే, మోచేతికి చుట్టి.

“తప్పు నా పక్కనుందని నువ్వు చెప్పినప్పట్నుంచి ఎన్ని వారాలు?” అని అడిగాడు.

ఈ ఒక్కదానికి నా దగ్గర సిద్ధంగా జవాబు ఉంది. పుస్తకం తీయనక్కరలేదు. వాడు ఫోన్ చేసిన ప్రతిసారీ గీత పెట్టాను. “నలభై ఒకటి” అన్నాను.

“నలభై మూడు మామా. రంజాన్ పండగ అయిన వారం ఒకటి. జ్వరమొచ్చిన వారం ఒకటి. ఆ రెండుసార్లు నీకు ఫోన్ చేయలే. నీకు ఊరికే తొందర పెడతాండానేమోనని. నేనే తెరిచి పెట్టుకుని కూర్చున్యా, ఈడ ఏడయ్యేదాంకా.”

జ్వరమొచ్చిన వారం అంటే గది మారిన తర్వాతే. నీళ్ళిచ్చేవాళ్ళు లేని గదిలో.

లేచి పోయాడు. రూటరు బల్ల మీదే వదిలేశాడు. పిలిచి ఇవ్వబోతే, నాకేం పని దాంతో అన్నాడు. నెల తర్వాత కువైట్ పోయాడని వాళ్ళ నాయన చెప్పాడు. పాత గదిలో వాడి చోటు అప్పటికే వేరేవాళ్ళకు ఇచ్చేశారట. ఊరి చివర గదిలోనే ఉంటున్నాడు. సుధాకర్ బెంగుళూరులోనే ఉన్నాడు. ఇద్దరూ మాట్లాడుకోవడం లేదని విన్నాను. ఎవరినీ అడిగి కనుక్కోలేదు.

నాలుగో గడి

పోయిన ఏడాది అంగడి మూసేశాను. కుర్చీలు అమ్మాను. పదకొండు పుస్తకాలు ఇంట్లో పెట్టుకున్నాను. నలభై ఒక్క గీతల మీదా ఒక్కొక్క రోజూ కూర్చుని అసలు కారణం రాశాను. తర్వాత ఫోన్ చేయని ఆ రెండు శుక్రవారాలకు కూడా తేదీలు వెతికి, రెండు కొత్త వరసలు చేర్చాను. రంజాన్ వారం సులభంగానే దొరికింది. గది మారాక పెట్టిన గీతలకు నేను తేదీలు వేయలేదు, కాబట్టి జ్వరం వారం ఏదో తెలియదు. తేదీ గడి ఖాళీగా ఉంది.

ఈ పనిలోకి వచ్చే పిల్లలకు నేను చెప్పగలిగింది ఎక్కువ లేదు. కలవలేని ఇద్దరి మధ్య చెడేది చాలాసార్లు గడియారం, వెర్షను, వాకిలి. వాటిని మీరు నాకంటే తొందరగా కనిపెడతారు. కొన్నిసార్లు మాత్రం చెడింది మనిషి. అది కనబడినప్పుడు మీరు వైరు పట్టుకుని నిలబడి ఉంటారు కాబట్టి, వైరు గురించి మాట్లాడటం సులభంగా ఉంటుంది. నాకు తెలియదనో, నేను చెప్పకూడదు, వాణ్ణే అడుగు అనో చెప్పి లేచి రండి. ఆ ఒక్క మాటతో ఖాజా ఆ పాత గదిలోనే ఉండేవాడు.

నేను ఇప్పుడు ఆ ఆట నేర్చుకున్నాను. ఈసారి డబ్బు పెట్టి కొన్నాను. ఖాజా వదిలేసిన రూటరే తగిలించాను. ప్రతి శుక్రవారం నాలుగున్నరకు తెరుస్తాను. గడియారం చూస్తాను, తలుపు తెరిచి ఉందో లేదో చూస్తాను, ఖాజాకు రమ్మని కబురు పంపుతాను. ఒక వంతెన కట్టాను, వంకరగా వచ్చింది. పట్టీలో వాడి పేరు పక్కన దీపం వెలగదు. వాడు నన్ను బ్లాక్ చేశాడో, ఆటే తీసేశాడో ఈ పక్కనుంచి తెలుసుకునే దారి లేదు. ఏడు దాకా కూర్చుంటాను.

ఇలా పంతొమ్మిది శుక్రవారాలు కూర్చున్నాను. మొదట్లో వాటిని వాడికి నేను పడ్డ బాకీలోంచి తీసేసుకుంటూ వచ్చాను. తర్వాత ఆలోచిస్తే అది సరైన లెక్క కాదనిపించింది. నేను కూర్చున్నది వాడు అడిగి కాదు. నేను కూర్చుంటే వాడి శుక్రవారం ఒక్కటి కూడా వెనక్కి రాదు. ఆ తీసివేతలన్నీ కొట్టేశాను.

బాకీ ఈరోజుకు నలభై మూడు.